కట్టూ బొట్టూ: మన పాత తారల తీరు



నలుపు తెలుపు సినిమాలో కుంకుమబొట్టు ఎర్రగా కనిపించదు. ముదురు బూడిదరంగులోనో, దాదాపు నల్లగానో పడుతుంది. అయినా ‘దేవదాసు’లో పార్వతి నల్లబొట్టు పెట్టుకుందని ఇన్నేళ్ళలో ఒక్కరైనా అనగా మనం వినలేదు. 1953లో ఆ సినిమా చూసినవాళ్ళ కంటికి ఆ బొట్టు ఎర్రగానే ఉంది. చీర ఏ రంగు, రవిక ఏ రంగు, జడలో ఉన్నవి మల్లెలా కనకాంబరాలా అన్నవి ఎవరూ చెప్పలేదు. నేలటిక్కెట్టు కొనుక్కుని కూర్చున్న ఆడవాళ్ళు ఎవరికి తోచిన రంగు వాళ్ళు నింపుకున్నారు.

ఈ మాట ముందే ఎందుకు చెబుతున్నానంటే, ఈమధ్య పాత తారల అలంకారం గురించి ఎక్కడ విన్నా నగల జాబితాయే వినిపిస్తోంది. కాసులపేరు ఎన్ని వరసలు, వంకీ ఎంత వెడల్పు, చీర అంచు ఎన్ని అంగుళాలు. అవి కావలసినవే, కాదనను. కాని కాంచనమాల నుంచి వాణిశ్రీ దాకా మన తారలు తెలుగు ఆడవాళ్ళ మీద వేసిన ముద్ర నగలతో వచ్చింది కాదని నా గట్టి నమ్మకం. ఒక చీరను ఏ మనిషి కడుతోందో, ఆ మనిషి ఎలా నిలబడుతుందో, కొంగును ఏం చేస్తుందో వాళ్ళకు తెలుసు. ఈ పూట ఆ సంగతే మీతో మాట్లాడాలనుకుంటున్నాను.

మొదట 1938కి వెళదాం. ఆ ఏడాది రెండు సినిమాలు వచ్చాయి. గూడవల్లి రామబ్రహ్మం గారి ‘మాలపిల్ల’, హెచ్.ఎం. రెడ్డి గారి ‘గృహలక్ష్మి’. రెండింటిలోనూ కాంచనమాల ఉంది. ‘మాలపిల్ల’లో సంపాలత అనే హరిజన యువతి. ఊళ్ళో అణిగిమణిగి తిరిగిన పిల్ల, కలకత్తా వెళ్ళి చదువూ నాగరికతా నేర్చుకుంటుంది. ‘గృహలక్ష్మి’లో అదే మనిషి ఒక పచ్చని కాపురంలో నిప్పులు పోసే మాధురి. ఇల్లాలి వేషం కన్నాంబది. ఆ రోజుల్లో బజారులో కన్నాంబ లోలాకులు, కాంచనమాల గాజులు అంటూ అమ్మేవాళ్ళని పెద్దలు చెబుతారు. ఇల్లాలి చెవులకు ఉన్నవీ అమ్ముడుపోయాయి, కాపురం కూల్చినదాని చేతికి ఉన్నవీ అమ్ముడుపోయాయి! కొనుక్కున్న ఆడపిల్లలు మాధురిని మెచ్చి కొనలేదు. ఆ గాజులు వేసుకున్న చెయ్యి కదిలిన తీరు నచ్చింది, అంతే.

ఇంకో సంగతి కూడా ఇక్కడ గమనించాలి. తెలుగు సినిమాలో కొత్త ఫ్యాషన్ చాలాకాలం ముందుగా చెడ్డపాత్ర ఒంటిమీదికే వచ్చేది. పల్చటి చీర, పొట్టిచేతుల జాకెట్టు, వదిలేసిన కురులు ముందు మాధురి లాంటి వాళ్ళకు. కథానాయికకు అవి చేరడానికి ఏళ్ళు పట్టేది. 1945లో బి.ఎన్. రెడ్డి గారు తీసిన ‘స్వర్గసీమ’లో భానుమతి వీధిలో ఆడిపాడే సుబ్బి. ఆమే తర్వాత రంగస్థలం మీద వెలిగే సుజాతాదేవి అవుతుంది. భార్య కల్యాణి ఇంట్లో ఉంటుంది. కథ నీతి కల్యాణి పక్షాన ఉంది, కళ్ళు మాత్రం సుజాతాదేవి మీదే ఉన్నాయి. భానుమతి గారి కనురెప్ప ఎత్తడంలో, తల కొంచెం పక్కకు వంచడంలో ఉన్న ధీమా అప్పటికి మన తెరకు కొత్త. ఆరేళ్ళ తర్వాత అదే దర్శకుడి ‘మల్లీశ్వరి’లో ఆమె కృష్ణదేవరాయల కాలపు పల్లెపడుచు. కట్టు పూర్తిగా వేరు, ధీమా అదే. రాణివాసపు నగలు పెట్టాక ఆ మల్లి ముఖంలో దిగులు పెరుగుతుంది. నగ పెట్టుకున్న మనిషికి సంతోషం లేదని నగతోనే చెప్పించడం చిన్న విషయం కాదు.

ఇక సావిత్రి గారి దగ్గర కాస్త ఎక్కువసేపు ఆగుతాను. ఆగక తప్పదు.

1957లో వచ్చిన ‘మాయాబజార్’ చూడనివాళ్ళు మనలో ఉండరు. శశిరేఖ అలంకారం గురించి పెళ్ళిళ్ళ అలంకరణ చేసేవాళ్ళు ఇప్పటికీ మాట్లాడుకుంటారు. పాపిడి బిళ్ళ, వంకీలు, వడ్డాణం, పూలజడ. కె.వి. రెడ్డి గారి దర్శకత్వం, గోఖలే, కళాధర్ గార్ల కళ, మార్కస్ బార్ట్‌లే గారి కెమెరా. రంగులు లేని సినిమాలో నగ మెరవాలంటే రాయి మీద వెలుగు ఏ పక్కనుంచి పడాలో తెలియాలి. తెల్లబట్ట దీపాల కింద కళ్ళు చెదిరేలా వెలిగిపోతుంది కాబట్టి ఛాయాగ్రాహకులు పాలతెలుపు పనికిరాదనేవాళ్ళు, కొంచెం రంగు తగిలిన బట్ట కట్టించేవాళ్ళు. చీరకూ అంచుకూ మధ్య తేడా రంగులో ఉంటే చాలదు, ముదురు లేత తేడా ఉండాలి. ఎరుపూ ఆకుపచ్చా కంటికి ఎంత దూరమైనా, ఆ ఫిల్ము మీద ఒక్కోసారి ఒకే బూడిదరంగై కూర్చుంటాయి. అప్పుడు అంచు ఉన్నట్టే తెలియదు. ఇంత లెక్క చూసుకుని కట్టిన చీరలవి.

అయితే నేను చూడమనేది నగల్ని కాదు. మాయాశశిరేఖను చూడండి. ఘటోత్కచుడు శశిరేఖ రూపంలో పెళ్ళింట తిరుగుతుంటాడు. ముఖం సావిత్రి గారిది, అలంకారం పెళ్ళికూతురిది. లోపల ఉన్నది మాత్రం ఎస్.వి. రంగారావు గారు! నడక ఉన్నట్టుండి పెద్దపెద్ద అంగలవుతుంది. భుజాలు వెడల్పవుతాయి. చెయ్యి గదను వెతుక్కుంటున్నట్టు పైకి లేస్తుంది. పక్కన ఎవరో కనిపించగానే మళ్ళీ నడుము వంగుతుంది, తల దిగుతుంది, అడుగు చిన్నదవుతుంది. పెళ్ళిపీటల మీద రేలంగి గారి లక్ష్మణకుమారుడి కాలు తొక్కే సన్నివేశంలో పై నుంచి చూస్తే సిగ్గుపడుతున్న వధువు, కింద చూస్తే రాక్షసుడు. ఆ దుస్తుల్లో అణువంత మార్పు లేదు. మనిషి మారిపోయింది. అలంకారం అంటే ఏమిటో, అది ఎక్కడ ఉంటుందో తెలుసుకోవాలనుకునే వాళ్ళకు ఆ కాసేపటి నటన కన్నా మంచి పాఠం నాకు తెలిసి మరొకటి లేదు.

2010లో ఆ సినిమాకు రంగులు వేసి మళ్ళీ విడుదల చేశారు. హైదరాబాదు సంస్థ గోల్డ్‌స్టోన్ ఎంతో శ్రమపడి చేసిన పని. దాన్ని తక్కువ చెయ్యను. కాని శశిరేఖ చీర ఈ రంగే అని తెర చెప్పేసరికి నా మటుకు నాకు కొంత లోటు అనిపించింది. అంతకుముందు ఆ చీర చూసినవాళ్ళందరిదీ.

‘మాయాబజార్’ రాచకథ. ఇంట్లో కట్టుకునే చీర గురించి మాట్లాడాలంటే ‘గుండమ్మ కథ’ కావాలి. 1962, విజయా వారిదే. ఒకే ఇంట్లో ఇద్దరు ఆడపిల్లలు. సవతి కూతురు లక్ష్మి, సావిత్రి. సొంత కూతురు సరోజ, జమున. లక్ష్మికి ఇంటిచాకిరీ అంతా. చీర పనికి వీలుగా బిగించి ఉంటుంది, కొంగు నడుముకు చేరి ఉంటుంది, ముంగురులు సర్దుకునే తీరిక ఉండదు. సరోజ ఆలస్యంగా లేచే పిల్ల. ఆమె చీర కుచ్చిళ్ళు నలగవు. ఎందుకు నలుగుతాయి, కూర్చుని లేచే పని కూడా లేదు కదా! సూర్యకాంతం గారు నోరు విప్పకముందే ఆ ఇంటి రాజకీయం మనకు ఇద్దరి చీరల్లో అర్థమైపోతుంది.

కథ నడిచేకొద్దీ ఏం జరుగుతుందో చూడండి. అంజిని కట్టుకున్న లక్ష్మి కలవారి ఇంటికి కోడలవుతుంది. రాజాను కట్టుకున్న సరోజ తోటపని చేసే స్థితికి వస్తుంది. అప్పుడు కట్టు తారుమారవుతుంది. చిత్రం ఏమిటంటే, మంచి చీర కట్టుకున్నా లక్ష్మి మెలకువ తగ్గదు, ఆ చెయ్యి ఇంకా ఏదో పని అందుకోబోతున్నట్టే ఉంటుంది. సరోజేమో మామూలు చీరలోకి వచ్చాక మనిషి తేలికపడుతుంది. కమలాకర కామేశ్వరరావు గారు, ఆ ఇద్దరు నటీమణులు ఈ మార్పును ఒక్క డైలాగూ దాని మీద ఖర్చు పెట్టకుండా చూపించారు. తర్వాతి కాలంలో పేద కథానాయిక కూడా ప్రతి సన్నివేశానికీ కొత్త చీర మార్చడం మొదలైంది. అక్కడినుంచి బట్టలు కథ చెప్పడం మానేశాయని నేను బాధపడుతుంటాను.

‘మిస్సమ్మ’ సంగతి ఒక్క మాటలో చెప్పి ముందుకు వెళతాను. క్రైస్తవ యువతి మేరీ ఉద్యోగం కోసం హిందూ ఇల్లాలిగా నటించాలి. ఆ బొట్టూ పేరంటమూ ఆమెకు పడవు. మనం రోజూ పెట్టుకునే బొట్టు ఇంకొకరికి వేషం కావచ్చునన్న ఎరుక 1955లోనే ఆ సినిమా నవ్విస్తూ ఇచ్చింది.

జమున గారి సత్యభామ దగ్గరికి వస్తే, దాని మూలాలు సినిమాలో లేవు. కూచిపూడి భామాకలాపంలో సత్యభామ జడకు ఉన్న పేరు మీకు తెలుసు. ఆ జడను తరతరాలుగా వేసుకున్నది మగవాళ్ళు. రంగస్థలం మీద ‘శ్రీకృష్ణ తులాభారం’ అనగానే స్థానం నరసింహారావు గారు. ఆయన చీరకట్టు, నడక, కొంగు విసురు చూసి ఆడవాళ్ళే ముచ్చటపడేవాళ్ళని ఆ నాటకం చూసిన తరం చెప్పుకునేది. పద్మశ్రీ అందుకున్న నటుడాయన. నాటకంలో సత్య పాడే పేరున్న పాటను ఆయనే రాసుకుని చేర్చుకున్నారు. 1966లో అదే కథ సినిమాగా వచ్చినప్పుడు జమున గారి మీద ఆ పాటను సుశీల గారు పాడారు. తెలుగు ఆడదాని ఠీవికి నమూనా అని మనం చెప్పుకునే సత్యభామను ఒక మగనటుడు పట్టుదలగా గమనించి, సాధన చేసి వేదిక మీద నిలబెట్టాడు. దాన్ని జమున గారు తన ఒంటికి, తన చురుకుదనానికి సరిపోయేలా మార్చుకుని తెరమీదికి తెచ్చారు. ఈ వారసత్వం ఎవరూ తగినంతగా చెప్పడం లేదు.

పైగా ఆ కథే నగల కథ. కృష్ణుణ్ణి త్రాసులో కూర్చోబెట్టి సత్య తన నగలన్నీ ఇంకో పళ్ళెంలో పోస్తుంది. త్రాసు కదలదు. అంత నిండుగా అలంకరించుకున్న మనిషి ఒక్కొక్కటే తీసి ఇచ్చేస్తుంటే జమున గారి ముఖంలో మొదట ఉన్న అతిశయం, తర్వాత కంగారు, ఆ తర్వాత బెంగ ఎలా వస్తాయో చూడాలి.

జమున గారి గౌరిని కూడా ఇక్కడే తలుచుకోవాలి. 1964లో ఆదుర్తి సుబ్బారావు గారి ‘మూగమనసులు’లో గోదావరి ఒడ్డున తిరిగే పల్లెపిల్ల. ఎత్తికట్టిన చీర, పరుగెత్తడానికి వీలైన కట్టు. ఎదురుగా సావిత్రి గారి రాధ జమీందారు బిడ్డ, నెమ్మదైన అడుగు. అదే పాత్రను హిందీలో ‘మిలన్’గా తీసినప్పుడూ జమున గారే వేశారు, ఫిలింఫేర్ బహుమతీ తెచ్చుకున్నారు. సత్యభామ ఠీవీ, గౌరి పరుగూ ఒక్క మనిషివే అంటే నమ్మబుద్ధి కాదు.

రంగులు మనకు ఆలస్యంగా వచ్చాయి. కలర్ ఫిల్ము ఖరీదు. అరవైల్లో కొన్ని సినిమాలకు ఒకటి రెండు పాటలు మాత్రమే రంగుల్లో తీసేవాళ్ళు. నిడివి అంతా రంగుల్లో వచ్చిన తొలి తెలుగు చిత్రం 1963 నాటి ‘లవకుశ’. తెలుగు తెర మీద రంగులు విరిసిన ఆ మొదటి సినిమాలో నాయిక నగలు విడిచి నారచీర కట్టిన సీత! అంజలీదేవి గారు. అంతకుముందు ‘గొల్లభామ’, ‘కీలుగుర్రం’ లాంటి జానపదాల్లో మోహంలో ముంచెత్తే వేషాలు వేసిన నటి. ఆశ్రమంలో ఆమె ఒంటిమీద నగలేమీ లేకపోవడమే అలంకారమైంది. ఊళ్ళలో ఆడవాళ్ళు ఆమెను చూసి సీతమ్మే వచ్చిందని దండాలు పెట్టేవాళ్ళు.

డెబ్భైల్లో వాణిశ్రీ గారు వచ్చారు. ఇక్కడ నాకు అభిమానం ఎక్కువ, దాచుకోను.

నెల్లూరు అమ్మాయి రత్నకుమారి. ఛాయ చామనఛాయ. తెల్లగా ఉంటేనే నాయిక అని నిర్మాతలూ ప్రేక్షకులూ కూడా అనుకునే రోజుల్లో ఆమె ఆ ఛాయతోనే నిలబడి, దాన్ని దాచకుండా, దానికి ఏ రంగు చీర నప్పుతుందో తానే కనిపెట్టినట్టు కట్టి చూపించారు. 1971లో ‘దసరా బుల్లోడు’, అదే ఏడాది ‘ప్రేమ్‌నగర్’. కోడూరి కౌసల్యాదేవి గారి నవల, రామానాయుడు గారి నిర్మాణం, కె.ఎస్. ప్రకాశరావు గారి దర్శకత్వం. లత ఎయిర్ హోస్టెస్‌గా మొదలై జమీందారు దగ్గర సెక్రటరీగా చేరుతుంది. సొంత సంపాదన, సొంత అభిమానం ఉన్న పిల్ల. ఆ కట్టులో ఆ అభిమానం ఉంది. తలమీద పెద్ద కొప్పు, పక్కన పువ్వు, కంటి చివర సాగదీసిన కాటుక గీత, పొడుగ్గా తీర్చిన బొట్టు, చీరకు సరిగ్గా సరిపోయే జాకెట్టు, ఒంటికి అతికినట్టు సర్దిన పమిట. 1976లో యద్దనపూడి సులోచనారాణి గారి ‘సెక్రటరీ’లో జయంతిగా కనిపించేసరికి, నవలలు చదివే ఆడపిల్లలు ఊహల్లో గీసుకున్న బొమ్మకు ప్రాణం వచ్చినట్టయింది. ఆ పిల్లలు అప్పుడప్పుడే కాలేజీలకు, ఆఫీసులకు వెళుతున్నారు. నలుగురిలో ఎలా తయారై వెళ్ళాలో చెప్పడానికి వాళ్ళ అమ్మలకు ఆ అనుభవం లేదు. ఆ లోటు వాణిశ్రీ గారు తీర్చారు.

వాణిశ్రీ కొప్పు అన్నది క్షౌరశాలలకూ బ్యూటీ పార్లర్లకూ సంబంధం లేకుండా ఊరూరా పాకింది. జుట్టు చాలకపోతే సవరం చుట్టి లోపల పెట్టుకున్నారు. అక్క తల చెల్లెలు దువ్వింది. జాకెట్టు గుడ్డ పట్టుకుని, ‘విజయచిత్ర’ అట్టమీద బొమ్మ చూపించి, ఈ మెడ ఇలాగే రావాలి, చెయ్యి ఇక్కడిదాకానే అని మిషన్ కుట్టేవాడితో బేరమాడారు. యాభైల్లో బుట్టచేతుల జాకెట్టూ అలాగే వచ్చింది, అరవైల్లో బోటుమెడా అలాగే వచ్చింది. చీర మారలేదు, ఇంట్లో ఉన్న చీరే. ముప్పావు గజం గుడ్డతో మనిషి కొత్తదైంది. ఫ్యాషన్ అంటే డబ్బున్నవాళ్ళ వ్యవహారం అనుకునేవాళ్ళకు నేను ఎప్పుడూ చెప్పేది ఇదే. మన తారలు ఇచ్చినదాన్ని గుమస్తా భార్య, బడిపంతులమ్మ, బీడీలు చుట్టే పిల్ల అందరూ తీసుకోగలిగారు.

ఈ తరానికి ఇదంతా మళ్ళీ గుర్తుచేసింది 2018లో వచ్చిన ‘మహానటి’. ఆ సినిమా దుస్తులకు జాతీయ బహుమతి వచ్చింది. ఇంద్రాక్షి పట్నాయక్, గౌరాంగ్ షా, అర్చనా రావు గార్లు అందుకున్నారు. చేనేత చీరలకు మళ్ళీ గిరాకీ తెచ్చిన పని అది. మగ్గం మీద బతికే ఇళ్ళకు మేలు జరిగితే అంతకన్నా కావలసిందేముంది? దాని వెంట బయల్దేరిన పెళ్ళి ఫొటోల గురించి మాత్రం ఒక మాట అనాలి. శశిరేఖ నగలన్నీ అద్దెకు తెచ్చి పెళ్ళికూతురికి తొడుగుతున్నారు. ఆ పిల్ల మెడ తిప్పలేక, చెయ్యి ఎత్తలేక నిలబడుతోంది. సావిత్రి గారు ఆ నగలతోనే పరుగెత్తారు, ఆడారు, అలిగారు, కాలు తొక్కారు. నగ తక్కువ పెట్టండి, పిల్లను కదలనివ్వండి.

తారల పేర్లు మనకు తెలుసు. ఆ చీర అంచు ముదురు లేత తేడా చూసి ఎంచినవాళ్ళు, ఆ జాకెట్టు కత్తిరించినవాళ్ళు, ఆ కొప్పు చుట్టినవాళ్ళు ఎవరు? మద్రాసులో వాహినీ స్టూడియో ప్రాంగణంలో, వడపళని సందుల్లో ఏళ్ళకేళ్ళు పనిచేసిన మనుషులు వాళ్ళు. మేకప్‌లో పీతాంబరం, భక్తవత్సలం గార్ల లాంటి కొద్దిమంది పేర్లు నిలిచాయి. మిగిలినవి సినిమా మొదట్లో టైటిల్ కార్డు మీద ఒక్క క్షణం కనిపించి పోతాయి. మనం అప్పటికింకా కుర్చీ వెతుక్కుంటూ ఉంటాం.

అందుకే మిమ్మల్ని రెండు కోరికలు కోరుతున్నాను. ఈసారి పాత సినిమా ఇంట్లో పెట్టుకున్నప్పుడు టైటిళ్ళు దాటించకండి. దుస్తులు, కేశాలంకరణ, మేకప్ అన్నచోట ఆపి ఆ పేర్లు చదవండి, వీలైతే రాసిపెట్టండి. రెండోది, మీ ఇంట్లో అమ్మమ్మలు, నాయనమ్మలు, మేనత్తలు ఉంటే, వాళ్ళు యాభైల్లో, అరవైల్లో, డెబ్భైల్లో తీయించుకున్న ఫొటోలు బయటికి తీయించండి. ఆ చీర రంగేమిటో, ఎక్కడ కొన్నారో, ఆ జాకెట్టు ఏ సినిమా చూసి కుట్టించుకున్నారో అడిగి, ఫొటో వెనక పెన్సిలుతో రాయండి. ఆ రంగులు చెప్పగలిగినవాళ్ళు ఇంకా మన మధ్య ఉన్నారు. ఈ ఆదివారమే అడగండి.